ఫ్రిజ్ రిపేర్ పేరుతో నడిచిన సర్‌ప్రైజ్ పెళ్ళి: 112 రోజుల ప్రాజెక్టు డైరీ

ఐడియా ఎవరికొచ్చింది, ఎంత ఎగ్జైట్ అయ్యాం అనేవన్నీ వదిలేస్తున్నా, వాటివల్ల ఎవరికీ ఉపయోగం లేదు. మేం మొదలుపెట్టినప్పుడు "ఇలా చేశాం, ఇక్కడ దెబ్బతిన్నాం" అని వరసగా రాసింది ఒక్కటి కూడా కంటపడలేదు, అందుకే కూర్చుని రాస్తున్నా.

పని ఇదీ. చుట్టాలూ ఫ్రెండ్సూ వేరే ఏదో ఫంక్షన్ అనుకుని వస్తారు, వచ్చాక అది మా పెళ్ళని తెలుస్తుంది. సర్‌ప్రైజ్ వచ్చినవాళ్ళకే, పెళ్ళి చేసుకునే ఇద్దరిలో ఒకరికి మాత్రం కాదు. అలా చేద్దామనుకునేవాళ్ళు ఇక్కడితో ఆపేయండి, అది ప్రాజెక్టు కాదు, గొడవ. ఎవరి తంతు వాళ్ళది కాబట్టి పెళ్ళి ఎలా జరిగిందన్నది రాయట్లేదు, మా ఊరి పేరూ ఖర్చులూ కూడా రాయట్లేదు. అవి చోటుని బట్టి మారిపోతాయి. మారనివి మాత్రమే ఇక్కడున్నాయి.

ప్రతి దశ చివర లెక్క రాశా. అందులో "తెలిసినవాళ్ళు" అంటే మా ఇద్దరితో కలిపి రహస్యం తెలిసిన మొత్తం మంది. పని గంటలూ లీకులూ కూడా మొదటి నుంచి కలుపుకుంటూ వచ్చినవే.

దశ 1: కాగితాలు (మిగిలింది 112 నుంచి 98 రోజులు)

మేం ముందు హాల్ వెతికాం. అదే మొదటి తప్పు. డేట్ అనుకుని, హాల్ చూసి, అప్పుడు రిజిస్ట్రేషన్ సంగతి కనుక్కుంటే ఆ డేట్‌కి కాగితాలు రెడీ అవ్వవని తెలిసింది. డేట్ మొత్తం వెనక్కి జరిపాం, 9 గంటల పని నీళ్ళపాలు.

చాలా చోట్ల పెళ్ళికి ముందు నోటీసు ఇవ్వాలి, ఆ గడువు ఒక్కో చోట ఒక్కోలా ఉంటుంది. ఇండియాలో స్పెషల్ మ్యారేజ్ యాక్ట్, 1954 ప్రకారం అయితే నోటీసు పెట్టాక 30 రోజులు ఆగాలి, ఇద్దరిలో ఒకరు అంతకుముందు కనీసం 30 రోజులు ఆ జిల్లాలో ఉండి ఉండాలి, నోటీసు ఇచ్చిన 3 నెలల్లోపు పెళ్ళి అవ్వకపోతే మళ్ళీ మొదటికే, సాక్షులు ముగ్గురు కావాలి. ఇంగ్లండ్, వేల్స్‌లో 28 రోజులు, సాక్షులు ఇద్దరు. న్యూయార్క్ రాష్ట్రంలో లైసెన్స్ తీసుకున్నాక 24 గంటలు ఆగితే చాలు, కానీ అది 60 రోజులే చెల్లుతుంది. నెవాడాలో అసలు ఆగక్కర్లేదు. జపాన్‌లో తంతుతో పనే లేదు, ఇద్దరు సాక్షుల సంతకాలున్న కాగితం ఆఫీసులో ఇస్తే పెళ్ళైనట్టే.

సర్‌ప్రైజ్ చేసేవాళ్ళకి దీంట్లో ఒక ముల్లు ఉంది. నోటీసు అంటే పబ్లిక్ నోటీసు. తర్వాత మా పేర్లు, అడ్రస్‌లు, వయసులు ఒక ఆఫీసు గోడ మీద అంటించారు, ఊళ్ళో ఎవరైనా నిలబడి చదువుకోవచ్చు. ఆ రోజుల్లో నేను రెండుసార్లు ఊరికే ఆ దారిన వెళ్ళి ఎవరైనా చదువుతున్నారా అని చూసొచ్చా. ఒక ముసలాయన దాని పక్కన గొడుగు ఆనించి నిద్రపోతున్నాడు, అంతే.

మా వరస, ఇప్పుడు చేస్తే:

1. నోటీసు గడువు, అది ఎన్నాళ్ళు చెల్లుతుంది, సాక్షులెంతమంది, ఈ మూడూ కనుక్కోవాలి.
2. పెళ్ళి రిజిస్టర్ చేసే అధికారి ఆఫీసు బయటికి వస్తారా రారా అడగాలి. రాకపోతే సంతకాలు ముందే ఆఫీసులో చేసేసి, సర్‌ప్రైజ్ తంతు వరకే ఉంచుకోవాలి.
3. అప్పుడు డేట్. ఆ తర్వాతే హాల్.

లెక్క: తెలిసినవాళ్ళు 2. పని గంటలు 21 (అందులో 9 దండగ).

దశ 2: ఎవరికి చెప్పాలి (98 నుంచి 80 రోజులు)

ఎవరికీ చెప్పకుండా ఇద్దరమే చేసేద్దాం అనుకున్నాం, రెండు వారాల్లో అర్థమైంది కుదరదని. సాక్షులు కావాలి, మైక్ పట్టుకునేవాళ్ళు కావాలి, మేం బట్టలు మార్చుకునేటప్పుడు జనాన్ని ఆపేవాళ్ళు కావాలి.

అయితే ఎంతమంది? మా ఆయన (అప్పటికి ఇంకా కాడు) ఒక చిన్న లెక్క వేశాడు. ఒక్కో మనిషి నోరు జారకుండా ఉండే అవకాశం 95 శాతం అనుకుందాం, అది నిజానికి చాలా మర్యాద ఇచ్చినట్టే మా చుట్టాలకి. 6 మందికి తెలిస్తే రహస్యం నిలిచే అవకాశం 74 శాతం, 8 మందికి తెలిస్తే 66, 13 మందికైతే 51. అంటే 13 అయ్యేసరికి బొమ్మా బొరుసూ. ఈ లెక్క చూశాక రూలు పెట్టుకున్నాం, "బాధపడతారేమో" అని ఎవరికీ చెప్పకూడదు, చెయ్యాల్సిన పని ఉంటేనే చెప్పాలి.

అలా అక్కకి చెప్పాం (సాక్షి, ఆ రోజు మైక్ దగ్గర ఉండే మనిషి). మరిదికి చెప్పాం (సాక్షి, గేట్). సౌండ్ సంగతి తెలిసిన ఒక ఫ్రెండ్‌కి చెప్పాం (మూడో సాక్షి). అక్కకి ఒక షరతు, బావకి చెప్పకూడదు. అక్క పెళ్ళి రోజు దాకా చెప్పలేదు. బావ ఇప్పటికీ అది ఎత్తుతూనే ఉంటాడు, "ఇంకా ఏమేం దాచావో" అని.

దూరదేశంలో ఉన్న ఇద్దరికి ముందే చెప్పడం తప్పలేదు, మావయ్యకీ నా చిన్ననాటి ఫ్రెండ్‌కీ. ఏదో చిన్న ఫంక్షన్ అంటే విమానం ఎక్కి ఎవరూ రారు.

అన్నిటికీ ఒక షీట్ పెట్టాం, పేరు "ఫ్రిజ్ రిపేర్". క్యాలెండర్‌లో కూడా అన్నీ అదే పేరు మీద. అది చాలా తెలివైన పని అనుకున్నాం. కానీ అమ్మావాళ్ళింట్లో ఉన్న పాత ట్యాబ్ నా అకౌంట్‌తోనే నడుస్తోందని మర్చిపోయా. హాల్ మేనేజర్‌తో మీటింగ్‌కి ముందు ఆ ట్యాబ్‌లో టింగుమని "4 గంటలకి ఫ్రిజ్ వాళ్ళతో" అని వచ్చింది. అమ్మ వెంటనే ఫోన్. "మీ ఫ్రిజ్ ఇంకా బాగవలేదా? వారంలో మూడుసార్లు వస్తున్నాడేంటే వాడు?" కోడ్ పేరు లేకపోతే ఆ రోజే అయిపోయేది. అకౌంట్ తీసేశా, కానీ ఫ్రిజ్ మీద అమ్మ దిగులు మాత్రం పోలేదు.

లెక్క: తెలిసినవాళ్ళు 7. పని గంటలు 34. లీకులు 0 (ఫ్రిజ్ లీకుని లెక్కలోకి తీసుకోవట్లేదు).

దశ 3: ఏ వంక పెట్టాలి (80 నుంచి 60 రోజులు)

దీని మీద ఎక్కువ రాస్తా, ఎందుకంటే మొత్తం ప్రాజెక్టులో కష్టమైన ముడి ఇదే. అందరూ రహస్యం దాచడమే కష్టం అనుకుంటారు. కాదు. మనుషుల్ని రప్పించడం కష్టం. పెళ్ళి అంటే సెలవు పెట్టుకుని రెండు రోజుల ముందొచ్చే మనిషి, "ఊరికే కలుద్దాం" అంటే "చూస్తాలే" అంటాడు. పెళ్ళికి రాగలిగీ రాకపోయినవాళ్ళు తర్వాత పడే బాధ, రహస్యం ముందే తెలిసిపోతే మనం పడే బాధ కన్నా చాలా పెద్దది.

మొదటి ప్రయత్నం: "చాలా రోజులైంది, అందరం ఒకసారి కలుద్దాం." 61 మందికి మెసేజ్. వారం ఆగాం. వస్తామన్నవాళ్ళు 23. ఒక పిన్ని "ఎవరెవరు వస్తున్నారు" అనడిగి మళ్ళీ మాట్లాడలేదు.

వంక మరీ చిన్నదైతే జనం రారు, మరీ పెద్దదైతే అనుమానం. మేమిద్దరం ఎంగేజ్‌మెంట్ పార్టీ అని చెబ్దామా అనుకున్నాం, బాగానే ఉండేది, కానీ అప్పుడు ప్రతి ఒక్కళ్ళూ "మరి పెళ్ళెప్పుడు" అని అడిగితే 46 సార్లు అబద్ధం చెప్పాలి. వంకలో నిజం ఎంత ఎక్కువ ఉంటే చెప్పాల్సిన అబద్ధం అంత తక్కువ.

నిజం ఇంట్లోనే ఉంది. నాన్న ఆ నెలలోనే రిటైర్ అయ్యారు, ఫంక్షన్ వద్దే వద్దని పట్టుబట్టి కూర్చున్నారు. అది వాడుకుందామని మా ఆయన అన్నాడు, నేను వద్దన్నా. ఆయన రోజుని దొంగిలించడం అవుతుంది కదా. చివరికి నాన్ననే అడిగేద్దామని వెళ్ళాం. ఆయన పేపర్ మడిచి పక్కన పెట్టి, కళ్ళజోడు తీసి తుడిచి, "అంటే ఫంక్షన్ నాది, కానీ ఎవరూ నన్ను చూడరు, అంతేగా?" అన్నారు. అంతే నాన్నా అన్నా. "అయితే పెట్టుకోండి" అన్నారు. రెండు నిమిషాలాగి, "అమ్మకి చెప్పొద్దా?" అని ఆయనే గొంతు తగ్గించి అడిగారు.

రెండో ప్రయత్నం: నాన్న రిటైర్మెంట్ ఫంక్షన్. అదే 61 మంది. వస్తామన్నవాళ్ళు 48.

ఇన్విటేషన్‌లో మార్చినవి, కారణంతో సహా:

1. "గ్రూప్ ఫోటో తీసి ఫ్రేమ్ కట్టిస్తాం, మంచి బట్టల్లో రండి" అని పెట్టాం. లేకపోతే పెళ్ళి ఫోటోల్లో సగం మంది టీషర్టుల్లో ఉంటారు.
2. "5 గంటలకి" అని కాదు, "4:45కి, 5:15కి నాన్న గారి మీద క్విజ్ మొదలు" అని రాశాం. ఖచ్చితమైన టైమ్‌కి ఏదో ఒకటి మొదలవుతుందంటేనే జనం కదులుతారు.
3. ఎప్పుడు అయిపోతుందో రాయలేదు. ఇది తప్పు. ఎందుకో చివర్లో తెలుస్తుంది.

ఇక మొదటి అసలు లీకు. 64 రోజులు మిగిలి ఉండగా, రాత్రి 11:20కి, "సంతకాల టేబుల్ కిటికీ పక్కన వద్దు, కాగితాలు ఎగురుతాయి" అని సౌండ్ ఫ్రెండ్‌కి పంపాల్సింది ఫ్యామిలీ గ్రూపులో పడింది. ఏమయ్యిందో చూసేసరికి చేతులు చల్లబడ్డాయి. డిలీట్ చేసేముందు మెసేజ్ ఇన్ఫో నొక్కి చూశా, చదివినవాళ్ళు ముగ్గురు: అక్క, మావయ్య, పెదనాన్న. ఇద్దరు మనవాళ్ళే. పెదనాన్న ఒక్కరే సమస్య. డిలీట్ చేస్తే "మెసేజ్ డిలీట్ చేశారు" అని మచ్చ కనిపిస్తుంది, దాంతో ఇంకా అనుమానం. అందుకని డిలీట్ చెయ్యకుండా కింద ఇంకోటి పెట్టా: "నాన్న రిటైర్మెంట్‌కి అందరం సంతకాలు పెట్టే పెద్ద కార్డు ఒకటి చేయిస్తున్నాం." పెదనాన్న బొటనవేలు బొమ్మ పెట్టి పడుకున్నారు. ఆ కార్డు నిజంగా చేయించాల్సి వచ్చింది, 4 గంటల పని.

లెక్క: తెలిసినవాళ్ళు 8. పిలిచింది 61, వస్తామన్నది 48. లీకులు 1. పని గంటలు 52.

దశ 4: చోటు, ఎండ, సౌండ్ (60 నుంచి 25 రోజులు)

హాల్ వెనక ఖాళీ లాన్ ఉంది, అక్కడే. పొద్దున 11కి వెళ్ళి కొలుచుకుని, సంతకాల టేబుల్ ఎక్కడో మార్క్ చేసి సంతోషంగా వచ్చేశాం. మళ్ళీ ఒక సాయంత్రం పావుతక్కువ ఆరుకి ఊరికే వెళ్తే సూర్యుడు సరిగ్గా మా టేబుల్ వెనకాలే. చూసేవాళ్ళ కళ్ళలో ఎండ, వీడియోలో మా మొహాలు నల్లగా. సూర్యుడు గంటకి 15 డిగ్రీలు జరుగుతాడు, దాదాపు 7 గంటల్లో 100 డిగ్రీల పైనే, ఆ మాత్రం ముందు తట్టలేదు. టేబుల్‌ని పక్క వైపుకి తిప్పాం, వెలుతురు పక్కనుంచి పడేలా. ఫంక్షన్ ఏ టైమ్‌కో ఆ టైమ్‌కే వెళ్ళి చూడండి, ఇంక వేరే సలహా లేదు.

ఒక్కోదానికి 8 మంది చొప్పున గుండ్రటి టేబుళ్ళు 6. టేబుల్ మీటరున్నర వెడల్పు, కుర్చీలూ మనుషులు నడిచే దారీ కలుపుకుంటే ఒక టేబుల్ మధ్య నుంచి ఇంకో దాని మధ్యకి 3 మీటర్లు. రెండేసి చొప్పున మూడు వరసలు. చివరి కుర్చీ మైక్ దగ్గరి స్పీకర్‌కి 12 మీటర్ల దూరంలో పడింది.

సౌండ్ టెస్ట్ ఫోన్ యాప్‌తో చేశాం. అది ల్యాబ్ మీటర్ కాదు, కానీ ఇక్కడికీ అక్కడికీ తేడా తెలుసుకోడానికి సరిపోతుంది.

1. స్పీకర్‌కి 2 మీటర్ల దగ్గర: 88 డెసిబెల్స్.
2. చివరి కుర్చీలో: 73. బయట ఓపెన్‌లో దూరం రెట్టింపైన ప్రతిసారీ 6 తగ్గుతుంది, లెక్క ప్రకారం 72 రావాలి, దాదాపు అదే వచ్చింది.
3. జనం మాట్లాడుకుంటే ఎంతో తెలీదు కాబట్టి వేరే ఒక ఫంక్షన్‌కి వెళ్ళినప్పుడు కొలిచా: 72.

అంటే చివర్లో కూర్చున్నవాళ్ళకి మా మాటా పక్కవాళ్ళ కబుర్లూ ఒకే సైజులో వినిపిస్తాయి. ఇక్కడ ఇంకో సమస్య, మామూలు పెళ్ళిలో జనం ముందే సైలెంట్ అవుతారు, ఇక్కడ వాళ్ళకి తెలీదు కాబట్టి మొదటి వాక్యం కబుర్ల మధ్యలో పడుతుంది. ఆ వాక్యం వినకపోతే సర్‌ప్రైజే లేదు. మాట అర్థం కావాలంటే చుట్టూ ఉన్న గోల కన్నా కనీసం 10, 15 డెసిబెల్స్ పైన ఉండాలి.

వాల్యూమ్ పెంచితే ముందు టేబుల్‌లో అమ్మమ్మ చెవులు పోతాయి. అందుకని రెండో స్పీకర్, మొదటిదానికి 8 మీటర్ల వెనక. చివరి కుర్చీలో 73 కాస్తా 85 అయింది. రెండు స్పీకర్లంటే ప్రతిధ్వనిలా వస్తుందేమో అని భయపడ్డాం, కానీ 8 మీటర్లకి శబ్దం పట్టే టైమ్ సెకనులో 43వ వంతు, చెవి దాన్ని విడిగా పట్టుకోదు. ఇంకో 10 మీటర్లు దూరం ఉంటే తేడా తెలిసేదని సౌండ్ ఫ్రెండ్ అన్నాడు.

దూరంగా ఉన్న ఫ్రెండ్ కోసం లైవ్ వీడియో. ఖాళీ లాన్‌లో అప్‌లోడ్ స్పీడ్ 1.8 ఎంబీపీఎస్ వచ్చింది. 720పీకి అది చాలదనిపించింది, పైగా ఆ రోజు నలభై ఫోన్లు అదే టవర్ మీద పడతాయి. 480పీకి దిగాం, వేరే కంపెనీ సిమ్ ఇంకోటి పెట్టుకున్నాం, మంచి క్వాలిటీది ఫోన్‌లోనే రికార్డ్ చేసి తర్వాత పంపేలా.

లెక్క: తెలిసినవాళ్ళు 8. లీకులు 1. పని గంటలు 77.

దశ 5: రిహార్సల్స్, రెండో లీకు (25 నుంచి 2 రోజులు)

బట్టలు మార్చుకోవడం మేం ఊరికే వదిలేసిన పని. "పది నిమిషాలు చాలు కదా" అనుకున్నాం. టైమర్ పెట్టి చేస్తే:

ట్రయల్ 1: 27 నిమిషాలు. పిన్నులు దొరకలేదు, అద్దం లేదు, చెప్పుల బకిల్ ఒక్కటే 3 నిమిషాలు తినేసింది.
ట్రయల్ 2: 19. జుట్టు ముందే వేసుకునే వచ్చేలా మార్చాం, బకిల్ చెప్పులు తీసేశాం.
ట్రయల్ 3: 12. పిన్నులన్నీ బట్టకే ముందు గుచ్చి ఉంచాం, తలుపు లోపల హుక్‌కి అద్దం, చిన్న లైట్ మా బ్యాగులోనే.

ఆ టైమ్‌లో జనాన్ని ఆపడానికే అక్క క్విజ్. పది ప్రశ్నలు, ఇంట్లో చేసి చూస్తే 14 నిమిషాలు. 12లో బట్టలు, 14లో క్విజ్, 2 నిమిషాలు చేతిలో. చాలు అనుకున్నాం.

పెళ్ళిలో ఒకరికొకరం చదివి వినిపించే మాటలు ఇద్దరివీ కలిపి మొదట 4 నిమిషాల 40 సెకన్లు వచ్చాయి. చదువుతుంటే నాకే బోర్ కొట్టింది, 2 నిమిషాలకి కోశాం. ఏ4 కాగితం గాలికి టపటపా కొట్టుకుంటూ మైక్‌లో వినిపిస్తోంది, అట్టకి అంటించాం.

ఇక రెండో లీకు. 19 రోజులు మిగిలి ఉండగా, నాన్న. ఆయన మైక్‌లో చెప్పాల్సింది రెండే వాక్యాలు. ఆ రెండు వాక్యాల్నీ రోజూ బాత్రూమ్‌లో ప్రాక్టీస్ చేశారు, నీళ్ళ చప్పుడులో వినపడదని ఆయన నమ్మకం. అమ్మ తువ్వాలు ఇవ్వడానికి వెళ్ళి తలుపు బయట నిలబడి మొత్తం వింది. నాకు ఫోన్ చేసి ఏమీ అనలేదు కాసేపు. తర్వాత, "ఫ్రిజ్ అంటే ఇదేనా?" అంది.

ఆ ఒక్క మాటకి నాకు ఏడుపొచ్చింది, రాస్తుంటే ఇప్పుడు కూడా. ఇంకొకళ్ళు చేస్తుంటే నేను చెప్పేది, అమ్మకి వేరేవాళ్ళ ద్వారా తెలియనివ్వకండి. మన రూలు "పని ఉంటేనే చెప్పాలి", నిజమే, కానీ అమ్మకి పని ఒకటి కల్పించాల్సింది. అదే సాయంత్రం అత్తయ్యకీ మావయ్యకీ (మా ఆయన అమ్మానాన్నలకి) కూడా వెళ్ళి చెప్పేశాం, ఒకవైపు తెలిసి ఇంకోవైపు తెలియకపోతే ఆ లెక్క జీవితాంతం తేలదు. అత్తయ్య వెంటనే, "మరి నేనేం చెయ్యాలి?" అనడిగింది. చూశారా.

అమ్మ మాత్రం ఆ రోజు నుంచి మాకంటే బాగా నటించింది. చుట్టాల ముందే ఫోన్‌లో, "ఫ్రిజ్‌వాడు టైమ్‌కి వస్తాడా లేదా కనుక్కోండి" అనేది.

అమ్మమ్మ "రిటైర్మెంట్‌కి నేనెందుకు, మోకాళ్ళు నొప్పి" అంది. ఆవిడకీ చెప్పక తప్పలేదు. ఫోటోగ్రాఫర్‌కి ఎలాగూ చెప్పాలి.

లెక్క: తెలిసినవాళ్ళు 13. లీకులు 2. పని గంటలు 99. బొమ్మా బొరుసూ దాకా వచ్చేశాం.

దశ 6: ముందు రోజు

సాయంత్రం 7:10కి చివరి చెకింగ్‌కి వెళ్తే హాల్ గేటు మీద ఎర్ర అక్షరాల డిజిటల్ బోర్డు కుడి నుంచి ఎడమకి పాకుతోంది: మా ఇద్దరి పేర్లు, పక్కన పెళ్ళి అని, మధ్యలో ఒక గుండె బొమ్మ. బుకింగ్ ఫారంలో మేం నిజమే రాశాం, ఆ ఫారంలో రాసింది బోర్డులోకి వెళ్తుందని ఎవరూ చెప్పలేదు, మేమూ అడగలేదు. దాన్ని మార్చడం తెలిసిన కుర్రాడు సెలవులో ఉన్నాడు. 50 నిమిషాలు ఫోన్లు. చివరికి ప్లగ్ పీకేశాం, ఆ పని మొదటి నిమిషంలోనే చెయ్యొచ్చు.

మైక్‌కి చార్జింగ్ సెల్స్ వేసి చూస్తే ఫుల్ చార్జ్ ఉన్నా బ్యాటరీ సగమే చూపిస్తోంది. చార్జింగ్ ఏఏ సెల్ 1.2 వోల్టులు, మామూలు ఆల్కలైన్‌ది 1.5, మైక్ మీటర్ ఆ 1.5కి తగ్గట్టు తయారైంది. పర్లేదులే అని వదిలేశాం. ఇది కూడా గుర్తుపెట్టుకోండి.

లెక్క: పని గంటలు 104.

దశ 7: ఆ రోజు

ప్లాన్ ప్రకారం నాన్న మైక్ పట్టుకోవాల్సింది 5:45కి. పట్టుకున్నది 6:20కి. 35 నిమిషాల ఆలస్యం ఎక్కడ పోయిందో తర్వాత వీడియో చూసి లెక్క కట్టా:

1. ఆలస్యంగా వచ్చేవాళ్ళ కోసం క్విజ్ ఆపడం: 20.
2. మైక్ మధ్యలో ఆగిపోయి కొత్త సెల్స్ వెతకడం: 6.
3. మరిది ఐడీ కార్డు కారులో మర్చిపోవడం, సాక్షి కదా, అది కావాలి: 5.
4. బట్టలు 12 అనుకుంటే 16: 4.

అధికారి మాత్రం 25 నిమిషాలు ముందే వచ్చేశారు. ఫైలు ఒళ్ళో పెట్టుకుని పెదనాన్న పక్క కుర్చీలో కూర్చున్నారు. పెదనాన్న ఆయన్ని "మీరు తమ్ముడి ఆఫీసేనా?" అని అడిగారట. ఆయన కాసేపు ఆలోచించి, "ప్రభుత్వ పని మీదే వచ్చానండి" అన్నారట. అబద్ధం ఒక్కటి కూడా లేదు అందులో.

బావకి 5 గంటలకే అనుమానం వచ్చింది, "రిటైర్మెంట్‌కి ఇద్దరు కెమెరావాళ్ళేంటి" అని. అక్క, "ఒకాయన నేర్చుకుంటున్నాడు" అంది. దీన్ని మూడో లీకులో సగం అనుకోండి.

నాన్న రెండు వాక్యాలు చెప్పారు. "నా సర్వీసు అయిపోయింది. ఇంకొక్క డ్యూటీ మిగిలింది, అది ఇప్పుడు ఇక్కడే, మా అమ్మాయి పెళ్ళి." వీడియోలో చూస్తే దాదాపు 3 సెకన్లు ఏ శబ్దమూ లేదు. తర్వాత చివరి టేబుల్ నుంచి ఎవరిదో "ఏంటీ?" అని వినపడింది. ఏడో సెకనుకి గోల. రెండో స్పీకర్ లేకపోతే ఆ "ఏంటీ" నిజంగానే వినపడక అడిగింది అయ్యేది.

సంతకాలకి 11 నిమిషాలు పట్టింది. మేం 5 అనుకున్నాం. ఆ 11 నిమిషాలూ జనానికి ఏం చెయ్యాలో తెలీక నిలబడిపోయారు, ఏదైనా పెట్టి ఉండాల్సింది.

మాటలు చదవడం అయిపోయాక "రాత్రి 8 దాకా ఎవరూ స్టేటస్ పెట్టకండి" అని చెబ్దామనుకున్నాం. మొదటి స్టేటస్ నాన్న చెప్పిన 4 నిమిషాలకే వెళ్ళిపోయింది, మేం ఇంకా మైక్ దగ్గరే ఉన్నాం. రానివాళ్ళు 15 మంది, 13 మంది కుదరదన్నవాళ్ళు, ఇద్దరు వస్తామని రానివాళ్ళు. వాళ్ళందరికీ అదే రాత్రి ఫోన్ చెయ్యాలని లిస్ట్ రెడీగా ఉంది, కానీ మా కంటే ముందే 9 మంది స్టేటస్‌లో చూసి వాళ్ళే చేశారు. ఒక అత్త ఫోన్‌లో "బాగుంది, బాగుంది" అని పదిసార్లు అంది. ఆ "బాగుంది" ఎలాంటిదో తెలిసిందే. స్టేటస్ పెట్టకండన్న ఆ మాట నాన్నే మొదట్లో చెప్పి ఉంటే పోయేది, మూడో వాక్యంగా.

లెక్క: వచ్చింది 46. ఆ క్షణంలో అక్కడున్నది 43. ఇద్దరు పార్కింగ్‌లో. పని గంటలు 113.

దశ 8: మిగిలిన ఒక్కరు

ఆ మూడో మనిషి పిన్ని. అందరికంటే ముందు 4:40కే వచ్చింది. 6:45కి బస్సు, 6:05కి లేచి వెళ్ళిపోయింది. ఎవరికీ ఇబ్బంది లేకుండా, నాన్నకి చెయ్యి ఊపి, అమ్మ చేతిలో ఏదో కవర్ పెట్టి. అమ్మ ఆపింది, రెండుసార్లు, "కాసేపు ఉండవే" అని, కానీ కారణం చెప్పలేదు, ఎందుకంటే చెప్పొద్దన్నది మేమే. నేను లోపల పిన్నులు పెట్టుకుంటున్నా. అక్క మైక్ దగ్గర. మరిది కారులో కార్డు వెతుకుతున్నాడు. షీట్‌లో 112 వరసలున్నాయి, "మధ్యలో లేచేవాళ్ళని చూసుకోవడం" అన్న వరస లేదు. ఇన్విటేషన్‌లో అయిపోయే టైమ్ రాసి ఉంటే ఆవిడ తర్వాతి బస్సు చూసుకునేది. 15 నిమిషాల తేడా.

ఎవరైనా మళ్ళీ చేస్తే ఒక మనిషికి ఒకటే పని ఇవ్వండి, గేటు దగ్గర కూర్చోవడం, వెళ్ళిపోయేవాళ్ళకి చెవిలో చెప్పెయ్యడం. ఆ క్షణంలో రహస్యానికి విలువ సున్నా.

తర్వాతి ఆదివారం పిన్నివాళ్ళింటికి వెళ్ళాం, అవే బట్టల్లో, అట్టకి అంటించిన అవే కాగితాలతో. ముందు గదిలో ఫ్యాన్ ఆపేసి నిలబడి మొత్తం మళ్ళీ చదివాం, 2 నిమిషాల 10 సెకన్లు. పిన్ని సోఫా అంచున కూర్చుని వింది. అయిపోయాక కొంగుతో కళ్ళు తుడుచుకుని, "సంతకాలు పెట్టారంటగా అందరూ, నేనెక్కడ పెట్టాలి?" అంది.

కాగితాలు ఆఫీసుకి వెళ్ళిపోయాయి, రిటైర్మెంట్ కార్డు నాన్న దగ్గరుంది. మా ఆయన బ్యాగులోంచి షీట్ ప్రింట్ తీశాడు, పైన పెద్ద అక్షరాలతో "ఫ్రిజ్ రిపేర్" అని ఉంది. చివర ఖాళీగా ఉన్న గడి చూపించాడు. పిన్ని పై లైను రెండుసార్లు చదివి, మా మొహాలు చూసి, ఏమీ అడక్కుండా పెన్ను తీసుకుంది.

లెక్క: 44.